తొలి మామిడిపండు

ప్రశ్న: ఉక్కునగరంలో మా పక్క క్వార్టర్‌లో ఉండే మలయాళీ పెద్దావిడకు మా పెరటి చెట్టు తొలి మామిడిపండు ఇస్తే, దాన్ని చేత పట్టుకుని ఏదో పద్యం చదివి కంటతడి పెట్టుకున్నారు. బిడ్డను పోగొట్టుకున్న తల్లి పాట అని మాత్రం చెప్పారు. అది ఏ కవిత? మలయాళ సాహిత్యంలో తల్లీకొడుకుల బంధం ఎలా కనిపిస్తుంది?
– ఒక పాఠకురాలు, విశాఖపట్నం

జవాబు: అది 1936లో వెలువడిన వైలోప్పిళ్ళి శ్రీధర మేనోన్ కవిత ‘మాంబళం’ (మామిడిపండు) అయి ఉండాలి. ముంగిట్లోని లేత మామిడి చెట్టు మొదటిసారి పూసినప్పుడు, పసివాడు ఒక పూగుత్తిని విరిచి, కాకరపువ్వొత్తి వెలిగించినంత సంబరంగా పట్టుకుని తల్లి దగ్గరకు పరుగెత్తుకొస్తాడు. పండ్లు రాలితే ఏరుకోవలసినవాడివి పూతే దులిపేస్తావా అని ఆమె కసురుకుంటుంది. వాడి ముఖం చిన్నబోతుంది. పండ్లు ఏరుకోవడానికి నేను రానంటూ ఆ గుత్తిని నేలకేసి కొడతాడు. పండు రాలేలోగానే వాడు కన్నుమూస్తాడు. ఇరుగుపొరుగు పిల్లలు చెట్టు కింద చేరి ఆడుకుంటుంటే, తల్లి ఆ తొలి పండును తీసుకెళ్లి, బిడ్డను పూడ్చిన చోట మట్టి మీద పెట్టి, అలక మాని తినమని బతిమాలుతుంది. అప్పుడు వీచిన చల్లని పిల్లగాలి వాడి ప్రాణమే అయి ఆమెను కౌగిలించుకుంటుంది.

నా దృష్టిలో ఈ కవిత బలమంతా ఆ చిన్న కసురులోనే ఉంది. పూత దులిపిన పిల్లవాణ్ణి కేకలేయని తల్లి మన విశాఖ పల్లెల్లో మాత్రం ఎవరున్నారు?

ఇడశ్శేరి గోవిందన్ నాయర్ ‘పూతప్పాట్టు’లోని నంగేలి మరో రకం తల్లి. బడికి వెళ్తున్న ఆమె కొడుకును పూతం అనే భూతం మాయచేసి ఎత్తుకుపోతుంది. భయపెట్టినా, బంగారం ఆశ చూపినా ఆమె లొంగకపోగా, తన రెండు కళ్లూ పెకలించి దాని ముందు పెట్టి కొడుకును ఇమ్మంటుంది. మాయాబాలుణ్ణి ఇచ్చి పంపబోతే, చూపు లేకపోయినా ఒంటిని తడిమి వీడు నా బిడ్డ కాడని చెప్పి, శపించడానికి చెయ్యెత్తుతుంది. భూతం వణికిపోయి, కొడుకుతోపాటు కళ్లనూ తిరిగి ఇచ్చేస్తుంది. కేరళలో ఏటా మకరమాసపు కోతలయ్యాక పూతం వేషం ఇంటింటికీ వచ్చే ఆచారాన్ని, బిడ్డను విడిచి ఉండలేని ఆ భూతమే అలా వస్తుందని కవి ముడిపెట్టిన తీరు నాకెంతో ఇష్టం.

తప్పు కొడుకువైపు ఉన్న కథ కావాలంటే ఎం.టి. వాసుదేవన్ నాయర్ నవల ‘నాలుకెట్టు’ (1958) చదవండి. తల్లిని అనుమానించి ఇల్లు విడిచిన అప్పుణ్ణి అనే కొడుకు, ఆమెను వెలివేసిన ఆ ఇంటినే ఏళ్ల తర్వాత సంపాదనపరుడై కొని, ఆమెను అందులోకి తీసుకువస్తాడు. ఇక వైకం ముహమ్మద్ బషీర్ ‘అమ్మ’లో, జైలు నుంచి పొద్దుపోయి ఇల్లు చేరిన కొడుకుకు అన్నం సిద్ధంగా దొరుకుతుంది. ఈ రోజే వస్తానని ఎలా తెలుసని అడిగితే, రోజూ వండి ఎదురుచూస్తున్నానంటుంది తల్లి.

‘మాంబళం’ను మాత్రం మీ పొరుగావిడ నోట మరోసారి మొదటినుంచీ వినండి. దాని తొలి రెండు పాదాల్లోని అమ్మ, నేత్రం, కన్నీరు అనే మాటలు మీకు అనువాదం లేకుండానే అందుతాయి.