ఆ విరిగిన కుర్చీలో ఎవరు కూర్చున్నారు?

అమ్మాయీ,

నీ కథ రెండుసార్లు చదివాను. భాష బాగుంది. కానీ ఆరు పేజీల్లో ఆ తల్లి నాలుగుసార్లు ఏడ్చింది, నాకు మాత్రం ఒక్కసారీ ఏడుపు రాలేదు. కోపం తెచ్చుకోకు, నా మొదటి కథలూ ఇంతే.

ఇంట్లో లేమిని ఏడుపుల్లేకుండా ఎలా చూపించాలో తెలియాలంటే, లోయిస్ వెబర్ అనే ఆవిడ 1921లో తీసిన 'ది బ్లాట్' అని ఒక అమెరికన్ మూకీ ఉంది, గంటన్నర సినిమా, తీరిగ్గా చూడు. కాలేజీ ప్రొఫెసర్ కుటుంబం, చదువుంది, పరువుంది, జీతమే చాలదు. పక్కింట్లో బూట్లు తయారుచేసి బాగా సంపాదించినవాళ్లు. ఇంటికి డబ్బున్న కుర్రాడొకడు వస్తే ప్రొఫెసర్ భార్య తన కష్టం చెప్పుకోదు. అరిగిపోయిన తివాచీ, చిరుగులు పట్టిన కుర్చీ, అతని చూపు వాటి మీద పడుతుందేమోనని ఆవిడ పడే టెన్షన్, అంతే.

అసలు చూడాల్సింది కోడి సీను. కూతురు అమీలియాకి జబ్బు చేసింది, బలమైన తిండి పెట్టాలి, కొనడానికి డబ్బుల్లేవు. తల్లి పక్కింటివాళ్ల కోడిని దొంగతనంగా తీస్తుంది, మనసొప్పక మళ్లీ అక్కడే పెట్టేస్తుంది. కూతురు తీయడం చూసింది, పెట్టడం చూడలేదు! ఆ తర్వాత ఇంట్లోకి నిజాయితీగా వచ్చిన కోడి కూడా ఆ పిల్ల గొంతు దిగదు. ఒక్క మాట వినపడకుండా ఇదంతా మనకి తెలిసిపోతుంది, అది చూసి నాకు కుళ్లు పుట్టింది. (జీతాల గురించి పాఠం చెప్పినట్టుండే చోట్లు కూడా ఉన్నాయి, అవి నేర్చుకోకు.)

'పైన పటారం లోన లొటారం' అని ఇలాంటి ఇళ్లని చూసి నవ్వుతాం గానీ, ఆ పటారం నిలబెట్టడానికి ఎంత చాకిరీ ఉంటుందో రాసేవాళ్లు తక్కువ. మా ఇంటికి చుట్టాలొస్తే పంచదార చేబదులుగా తేవడానికి నన్నే పంపేవారు, పెరటి గుమ్మంలోంచి, గ్లాసు ఓణీ చాటున పెట్టుకుని. నేను తిరిగొచ్చేదాకా ముందు గదిలో అమ్మ మామూలు కంటే గట్టిగా కబుర్లు చెబుతుండేది, తలుపు చప్పుడు వాళ్లకి వినపడకూడదని.

నీ కథలో అయిదో పేజీలో తండ్రి ఉపన్యాసం మొత్తం కొట్టెయ్యి, ఏడుపులు మూడు తీసెయ్యి. ఇంకోటి, పెళ్లివారు వచ్చారన్నావు, ఇంట్లో ఒక కుర్చీకి కాలు విరిగిందనీ అన్నావు. మరి దాంట్లో ఎవరు కూర్చున్నారు?