రేటు కలపకు తల్లీ, డబ్బు కలుపు

తల్లీ,

నీ మెసేజ్ చూశాను. ద్వారకానగర్ కోచింగ్‌లో మిగతా లెక్కలన్నీ చకచకా చేసేస్తున్నావట, మిశ్రమాల లెక్క రాగానే చెయ్యి ఆగిపోతోందట. నువ్వు ఫొటో తీసి పంపిన నోట్సులో ఒక్కో రకం లెక్కకి ఒక్కో ఫార్ములా ఉంది. అన్ని ఫార్ములాలు బుర్రలో పెట్టుకుంటే పరీక్ష హాల్లో ఏది ఎక్కడ వాడాలో తెలియక టెన్షనే మిగులుతుంది. పూర్ణా మార్కెట్‌లో కాఫీ పొడి కొట్టు లెక్కలు రాసినవాణ్ణి కాబట్టి చెబుతున్నాను. ఈ లెక్కల్లో కూడేవి రెండే: బరువుతో బరువు, డబ్బుతో డబ్బు. రేట్లు ఎప్పుడూ కూడవు.

కాఫీ పొడి కిలో 800, అందులో కలిపే చికోరీ అనే వేరు పొడి కిలో 300 అనుకో. లెక్క తేలిగ్గా ఉండాలని వేసిన రేట్లివి, ఇవాళ్టి బజారు రేట్లు కావు. రెండు కిలోల కాఫీలో మూడు కిలోల చికోరీ కలిపావు. బరువు ఐదు కిలోలు. డబ్బు 1600, 900 కలిపి 2500. అంటే కిలో 500 పడింది. 800, 300 కూడి సగం చేస్తే 550 వస్తుంది, అది తప్పు. చికోరీ ఎక్కువ వేశాం కాబట్టి రేటు చికోరీ వైపు దిగింది.

అందుకే లెక్క చదవగానే మూడు గళ్లు గీసుకో: బరువు, రేటు, డబ్బు. ఒక్కో సరుక్కి ఒక్కో వరస, చివరి వరస మిశ్రమానిది. బరువు గడిలో అంకెలు పైనుంచి కిందికి కూడు. డబ్బు గడి కూడా అంతే. రేటు గడిని మాత్రం నిలువుగా కూడకు, అడ్డంగా బరువుతో గుణించడానికే వాడు.

ఇప్పుడు నువ్వు ఆగిపోయిన రకం చూద్దాం. ఆ రెండు సరుకులే కలిపి, కిలో 650 పడేలా పది కిలోల పొడి తయారు చెయ్యాలి. ఏది ఎంత?

ఎక్స్ రాయకముందు ఇలా ఆలోచించు. పది కిలోలూ చికోరీయే అయితే అయ్యే డబ్బు 3000. మనకి కావలసింది 6500. ఇంకా 3500 తక్కువ. ఒక కిలో చికోరీ తీసి, దాని బదులు కిలో కాఫీ వేస్తే డబ్బు 500 పెరుగుతుంది. 3500 పెరగాలంటే ఏడుసార్లు మార్చాలి. కాఫీ ఏడు కిలోలు, చికోరీ మూడు కిలోలు. సరిచూసుకో: 5600, 900 కలిపి 6500. కాఫీ బరువుని ఎక్స్ అనుకున్నా 500ఎక్స్ = 3500 అనే వస్తుంది. ఆ 500 ఎందుకొచ్చిందో ముందే తెలుసు కాబట్టి సమీకరణం తప్పు రాసినా నీకే తెలిసిపోతుంది.

కోచింగ్‌లో చెప్పిన అలిగేషన్, అంటే రేట్ల తేడాలతో ఏది ఎన్ని వంతులో తేల్చే పద్ధతి కూడా ఇదే. కిలో 800 కాఫీని 650 లెక్కన ఇస్తే కిలోకి 150 నష్టం. 300 చికోరీని 650కి ఇస్తే కిలోకి 350 లాభం. నష్టమూ లాభమూ సరిపోవాలి: ఏడు కిలోల మీద నష్టం 1050, మూడు కిలోల మీద లాభం 1050. అందుకే తేడాలను అడ్డంగా మార్చి 350:150, అంటే 7:3 అని రాస్తారు. కారణం తెలిస్తే ఏ అంకె ఏ పక్కకి పోవాలన్న గందరగోళం ఉండదు.

ఇక్కడ ఒక జాగ్రత్త. లెక్కలో మొత్తం బరువు ఇచ్చారా, ఒక సరుకు బరువే ఇచ్చారా చూడు. కొట్లో ఆరు కిలోల చికోరీ ఉంది, కాఫీ ఎంత కలిపితే కిలో 650 పడుతుంది అని అడిగితే ఆ ఆరు కిలోలు 7:3లోని మూడు వంతులన్నమాట, వంతుకి రెండు కిలోలు. కాఫీ ఏడు వంతులు, 14 కిలోలు. మొత్తం 20 కిలోలు అవుతుంది. చాలామంది ఆ ఆరునే మొత్తం అనుకుని మార్కులు పోగొట్టుకుంటారు.

సమాన బరువు, సమాన డబ్బు ఈ రెండిటినీ కూడా వేరుగా చూడు. చెరో 2400 పెట్టి కొన్నావంటే కాఫీ మూడు కిలోలే వస్తుంది, చికోరీ ఎనిమిది కిలోలు వస్తుంది. 4800 డబ్బుకి 11 కిలోలు, కిలో సుమారు 436. సగటు 550 ఇక్కడ పనికిరాదు.

తరుగు ఉన్న లెక్కలంటే నాకు చాలా ఇష్టం. పచ్చి గింజలు వేయిస్తే తేమ పోయి బరువు తగ్గుతుంది. కిలో 500 చొప్పున ఐదు కిలోల గింజలు కొని వేయించితే నాలుగు కిలోలే మిగిలాయనుకో. పెట్టిన డబ్బు 2500 అలాగే ఉంది, బరువే తగ్గింది. కాబట్టి వేయించిన గింజలు కిలో 625 పడినట్టు. మిశ్రమం లెక్కలో 625 వెయ్యాలి, 500 కాదు.

లాభం ఇచ్చిన లెక్కలో 715కి అమ్మితే పది శాతం లాభం అంటే ముందు కొన్నవెల 650 తేల్చుకో, ఆ తర్వాతే గళ్లలోకి వెళ్లు. పాలల్లో నీళ్ల లెక్కలో నీళ్ల రేటు సున్నా, అంతకుమించి కొత్తేమీ లేదు. గ్రాములు ఇచ్చి కిలో రేటు చెబితే మొదటే ఒకే కొలతకి మార్చు.

మిశ్రమం రేటు ఎప్పుడూ రెండు సరుకుల రేట్ల మధ్యే ఉండాలి, ఎక్కువ బరువున్న సరుకు రేటుకి దగ్గరగా ఉండాలి. ఆప్షన్లలో రెండు మూడు ఈ ఒక్క చూపుకే ఎగిరిపోతాయి.

మీ ఇంట్లో కాఫీ పొడి ప్యాకెట్ వెనక చూడు. చికోరీ కలిపితే ఎంత శాతమో ముద్రించాలి, కాఫీ 51 శాతానికి తగ్గకూడదు, అది ఆహార భద్రతా నిబంధన. నేను చెప్పిన 800, 300 రేట్లతో అలాంటి పొడి కిలో కనీసం ఎంత పడుతుందో కట్టు. తర్వాత అదే ప్యాకెట్ మీది శాతంతో ఇంకోటి కట్టు. రెండూ గళ్లతో సహా ఫొటో తీసి పంపు. ఎక్కడైనా ఆగితే రాత్రి తొమ్మిది దాటాక ఫోన్ చెయ్యి, మేలుకునే ఉంటాను.

మీ మావయ్య