లయన్ కింగ్ 2లో కోవు స్కార్ కొడుకేనా?

కాదు, కోవు స్కార్ అనుచరురాలైన జీరా అనే ఆడసింహం కొడుకు, స్కార్ అతన్ని వారసుడిగా ఎంచుకున్నాడంతే. 1998లో వచ్చిన ఈ సీక్వెల్‌లో, నక్షత్రాల కింద సింబా కూతురు కియారాతో మాట్లాడుతూ స్కార్ తన తండ్రి కాదని కోవే చెప్తాడు, కానీ అతను తనలో ఒక భాగమని కూడా అంటాడు, అసలు బాధంతా అక్కడే ఉంది. రక్తసంబంధం లేకపోయినా సింబాని చంపి స్కార్ పగ తీర్చుకోవాలని తల్లి చిన్నప్పటి నుంచీ నూరిపోసింది కాబట్టి, కియారాని ఇష్టపడటమంటే ఇంటికి ద్రోహం చేసినట్టే అనిపిస్తుంది అతనికి.

చాలామంది పొరబడేది స్కార్‌కి ఉన్నట్టే కోవు కంటి మీద ఉన్న గాటు చూసి. అది పుట్టుకతో వచ్చింది కాదు, అన్న నూకా చనిపోయాక కోపంతో జీరా కొట్టిన దెబ్బ. 2019 లయన్ కింగ్ తెలుగు డబ్బింగ్‌ని హైదరాబాద్ థియేటర్లలో చూసినవాళ్లకి జగపతిబాబు గొంతుతో స్కార్ గుర్తుండే ఉంటాడు, అతను సింబాకి బాబాయ్. కోవు నిజంగా అతని కొడుకైతే సింబాకి తమ్ముడు, మన వరసల్లో కియారాకి బాబాయ్ అయ్యేవాడు, ఇక ఆ ప్రేమకథ నడిచేదే కాదు!