సినిమాలు, ఫొటోలు దాచడానికి ఎలాంటి ఎక్స్‌టర్నల్ డిస్క్ కొనాలి?

నాలుగైదు టీబీల సినిమాలు, ఫొటోలు దాచుకోవడానికి ఎస్‌ఎస్‌డీ (చిప్‌లలో దాచే, వేగమైన డిస్క్) కావాలా, హార్డ్ డిస్క్ (తిరిగే పళ్లేల మీద రాసేది) చాలా అని అడిగారు. హార్డ్ డిస్క్ చాలు. 4కే వీడియో ఆడటానికి కూడా సెకనుకు 16 ఎంబీలకు మించి అవసరం పడటం అరుదు. హార్డ్ డిస్క్ 100 దాకా సులువుగా ఇస్తుంది. ఎస్‌ఎస్‌డీకి పెట్టే అదనపు డబ్బుతో రెండో డిస్క్ కొని నకలు తీసి పెట్టుకోండి, వీలైతే వేరే ఇంట్లో. ఉన్న ఒక్క కాపీ కాస్తా పోతే రికవరీ వాళ్ల చుట్టూ తిరగాలి, అప్పుడైనా వస్తుందన్న హామీ లేదు.

ఒకేచోట ఉంచేదైతే 3.5 అంగుళాల హార్డ్ డిస్క్ మేలు. వేరే పవర్ అడాప్టర్ కావాలి గానీ సామర్థ్యం ఎక్కువ, టీబీకి పడే ధర సాధారణంగా తక్కువ. 2.5 అంగుళాలది యూఎస్‌బీ కరెంటుతోనే నడుస్తుంది. అయితే వీటిలో చాలావరకు ఎస్‌ఎంఆర్ రకం: ట్రాకులు (డేటా రాసే వరుసలు) ఒకదానిమీదొకటి కొంత ఎక్కి ఉంటాయి కాబట్టి ఒకేసారి వందల జీబీలు ఎక్కిస్తుంటే వేగం పడిపోతుంది. చూసేటప్పుడు ఆ తేడా తెలియదు.

విండోస్, మ్యాక్ రెండింటికీ వాడాలంటే డిస్క్‌ను ఎక్స్‌ఫ్యాట్ (exFAT, డిస్క్‌లో ఫైళ్లు అమర్చే ఒక పద్ధతి)లో ఫార్మాట్ చేయండి. టీవీ దాన్ని చదువుతుందో లేదో ముందే చూసుకోండి. ఫ్యాట్32 అనే పాత పద్ధతి వద్దు, 4 జీబీ దాటిన ఫైలు అందులో పట్టదు.

అన్నట్టు, 4 టీబీ డిస్క్ విండోస్‌లో 3.63గా కనిపిస్తే మోసపోయామని కంగారుపడకండి. కంపెనీ 1000తో లెక్కేస్తుంది, విండోస్ 1024తో.