ప్రయాణ చిత్రం తీయబోయే ముందు

చిరంజీవికి,

ఆశీస్సులు. నీవు పంపిన ప్రణాళికను రెండుసార్లు చదివాను. కథ గానీ నటులు గానీ లేకుండా, దేశాన్ని ఒక కొస నుంచి మరో కొసకు రోడ్డు మీద దాటుతూ మారుతున్న కాలాన్ని చిత్రించాలన్న ఆలోచన నాకు నచ్చింది. అయితే అందులో వ్యాఖ్యానానికి కేటాయించిన పేజీలే ఎక్కువ. దేశం మారుతోందని గొంతుతో చెప్పిస్తే, ప్రేక్షకుడు ఆ మార్పును దృశ్యంలో వెతకడం మానేస్తాడు. సోవియట్ యూనియన్ కూలిన తరువాత జర్మనీ తూర్పు ప్రాంతం నుంచి మాస్కో దాకా సాగిన ప్రయాణాన్ని బెల్జియం దర్శకురాలు షాంతాల్ అకెర్మాన్ 1993లో ‘దెస్ట్’ చిత్రంగా మలిచినప్పుడు వ్యాఖ్యానమూ ఇంటర్వ్యూలూ పెట్టలేదు. ఎదురుచూస్తున్న జనం ముందు నుంచి కెమెరా మెల్లగా పక్కకు సాగిపోతుంది, అంతే.

కారు కిటికీ దృశ్యాల మీద మోజు తగ్గించుకో. చాలా డిజిటల్ కెమెరాల సెన్సర్ చిత్రాన్ని వరుస తరువాత వరుసగా చదువుతుంది గనుక, పక్క కిటికీలోంచి తీస్తే వేగంగా దాటిపోయే స్తంభాలు వాలిపోయినట్లు కనిపిస్తాయి. పోలరైజర్ ఫిల్టర్ అద్దం మీది ప్రతిబింబాలను తగ్గించినా, పక్క అద్దాల్లో మచ్చలను బయటపెడుతుంది. అద్దం దించి తీయడమే మేలు; బండి ఆపి తీయడం ఇంకా మేలు.

ఆగిన ప్రతిచోటా లెన్స్, కెమెరా ఎత్తు, ట్రైపాడ్ నిలిపిన స్థానం, సమయం నోటుపుస్తకంలో రాసుకో. ఒక్కసారి వెళ్ళివస్తే నీకు దొరికేది ఆనాటి దేశం మాత్రమే, మార్పును చూపాలంటే అదే చోట, అదే ఫ్రేముతో, ఏడాదికో రెండేళ్ళకో మళ్ళీ నిలబడాలి. నా మొదటి చిత్రంలో ఈ వివరాలు రాసుకోని పాపానికి, నాలుగేళ్ళ తరువాత వెళ్ళి, రోడ్డు విస్తరణలో చెట్లూ ఇళ్ళూ పోయిన చోట పూటంతా వెతికి, ఏమీ తీయకుండానే తిరిగివచ్చాను. అందుకే ఆనవాలుగా చెట్టును కాక, వెనకనున్న కొండ అంచును పెట్టుకో.

మేము వాడిన బోలెక్స్ 16 ఎం.ఎం. కెమెరా ఒకసారి కీ ఇస్తే సెకనుకు 24 ఫ్రేముల చొప్పున సుమారు 28 సెకండ్లు నడిచేది. అప్పట్లో విసుక్కున్నాను గానీ, షాట్ ఎక్కడ ఆపాలో నేర్పింది అదే. మెమరీ కార్డు నీకా సాయం చేయదు, కాబట్టి షాట్ నిడివిని బయలుదేరక ముందే నిర్ణయించుకో. ఇంజను ఆపి, ప్రతిచోటా రెండు నిమిషాల పరిసర ధ్వనిని విడిగా రికార్డు చేయి.

తిరిగివచ్చాక ఫుటేజీకి రెండు ప్రతులు తీసి ఒకటి నా దగ్గర ఉంచు. వ్యాఖ్యానం పేజీల సంగతి రెండో ప్రయాణం తేదీ ఖాయమైన తరువాత మాట్లాడుకుందాం.