పీచ్ క్రిస్ప్ పైపొర కరకరలాడకుండా మెత్తబడిపోతోంది, ఎందుకు?

పీచ్ క్రిస్ప్ అంటే పీచ్ ముక్కల మీద మైదా, ఓట్స్, వెన్న కలిపిన పొర చల్లి ఓవెన్‌లో కాల్చే తీపి వంటకం. పీచ్ బాగా రసం ఊరే పండు. ఆ రసం చిక్కబడకపోతే ఆవిరంతా పైపొరకే పడుతుంది. కిలో ముక్కలకు రెండు పెద్ద చెంచాల కార్న్‌ఫ్లోర్, కాస్త చక్కెర, నిమ్మరసం కలపండి. అమెరికాలో ఉంటే కార్న్‌స్టార్చ్ అని అడిగి కొనండి. అక్కడ కార్న్‌ఫ్లోర్ అంటే ఉత్త మొక్కజొన్న పిండే.

ఇక పైపొర సంగతి. అసలు కిటుకు వెన్నలో ఉంది. ముప్పావు కప్పు మైదా, అంతే ఓట్స్, అరకప్పు బ్రౌన్ షుగర్, చిటికెడు ఉప్పు, దాల్చినచెక్క పొడి కలిపి, ఫ్రిజ్‌లోంచి అప్పుడే తీసిన 100 గ్రాముల వెన్నను ముక్కలు చేసి వేసి వేళ్ల కొసలతో నలపండి. అక్కడక్కడ శనగగింజంత ఉండలు మిగలాలి. చపాతీ పిండిలా పిసికితే వెన్న కరిగిపోయి ముద్దవుతుంది. పండ్ల మీద వదులుగా చల్లండి, అదమకండి. ఓట్స్ కూడా ఇన్‌స్టంట్‌వి వద్దు, రోల్డ్ ఓట్స్ (అటుకుల్లా నొక్కిన మందపాటి ఓట్స్) అయితేనే కరకర నిలుస్తుంది.

190 డిగ్రీల సెల్సియస్‌లో 40-45 నిమిషాలు పడుతుంది. పైన ఎర్రబడగానే దించేయకండి. గిన్నె నడిమధ్యన రసం చిక్కగా బుడగలు రావాలి, అప్పుడే కార్న్‌ఫ్లోర్ ఉడికినట్టు. మూత పెట్టకుండా 20 నిమిషాలు ఆరనివ్వండి. వేడి మీదే తవ్వితే రసం పల్చగా పారుతుంది.