వాయిదాకు వెళ్లలేదని దావా కొట్టేశారు, ఇప్పుడేం చేయాలి?

ప్రశ్న: ఇంటి స్థలానికి అగ్రిమెంటు రాసుకుని అడ్వాన్సు ఇచ్చాను. యజమాని రిజిస్ట్రేషన్ చేయనందున 2014లో దావా వేశాను. పదేళ్లుగా వాయిదాలే. నా భార్య ఆపరేషన్ కోసం వేరే ఊళ్లో ఉండి ఒక వాయిదాకు వెళ్లలేకపోయాను. మా వకీలు కూడా రాలేదట. దావా కొట్టేశారని నాలుగు నెలల తరువాత తెలిసింది. మళ్లీ కొత్తగా వేయమంటున్నారు. వేయవచ్చా?

జవాబు: కొత్త దావా జోలికి పోకండి. ముందు ఆ రోజు డాకెట్‌లో (ప్రతి వాయిదాకు కోర్టు రాసుకునే నమోదులో) ఏం రాశారో నకలు తీసి చూడండి. ప్రతివాది హాజరై మీరు రాకపోతే, అది సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 9, రూల్ 8 కింద కొట్టివేత. అదే కారణంపై మళ్లీ దావా వేయడానికి రూల్ 9 ఒప్పుకోదు. ఇద్దరూ రాకపోతే కొత్త దావాకు రూల్ 4 అవకాశమిస్తుంది, కానీ కాలపరిమితికి లోబడే. అగ్రిమెంటు అమలు దావాకు గడువు మూడేళ్లు. మీకు అది ఎప్పుడో దాటిపోయింది. కాబట్టి ఎలా చూసినా మీకున్న దారి పాత దావాను పునరుద్ధరించమని అడగడమే.

దానికి గడువు 30 రోజులు, అదీ మీకు తెలిసిన రోజు నుంచి కాదు, కొట్టేసిన రోజు నుంచి. అందుకే పునరుద్ధరణ పిటిషన్‌తో పాటు, లిమిటేషన్ చట్టం సెక్షన్ 5 కింద ఆలస్యాన్ని మన్నించమని మరో పిటిషన్ వేయాలి.

మీ కేసు నిలబడేది పిటిషన్‌తో వేసే అఫిడవిట్ (ప్రమాణ పత్రం) మీదే. 'అనారోగ్య కారణాల వల్ల' అని ఒక్క ముక్క రాసి ఊరుకోకండి. ఆసుపత్రిలో చేరిన తేదీ, డిశ్చార్జి తేదీ, వాటి మధ్య పడిన వాయిదా తేదీ పక్కపక్కన కనిపించాలి. డిశ్చార్జి పత్రం జతచేయండి. ఇంటికొచ్చాక గడిచిన నెలల మాటేమిటని ప్రతివాది వకీలు తప్పక అడుగుతాడు. కొట్టేసిన సంగతి ఎవరు చెప్పగా, ఏ రోజు తెలిసిందో రాయండి. లేని జబ్బు మాత్రం కల్పించకండి. అలాంటి ఒక్క అబద్ధంతో న్యాయమైన హక్కు పోగొట్టుకున్నవారిని చూసి బాధపడ్డాను.

వకీలు రాని తప్పుకు కక్షిదారు బలి కాకూడదని సుప్రీంకోర్టు 1981లో రఫీక్ కేసులో చెప్పింది. అయితే అది అన్ని కేసులకూ వర్తించే సూత్రం కాదని తరువాతి తీర్పుల్లో స్పష్టం చేసింది. మీరు కేసును పట్టించుకుంటూనే ఉన్నారని చూపగలిగితే ఆ తీర్పు బలమిస్తుంది. వకీలుకు చేసిన ఫోన్లు, పంపిన సందేశాలు ఉంటే దాచుకోండి. ప్రతివాదికి కొంత ఖర్చులు చెల్లించమని కోర్టు షరతు పెట్టవచ్చు, వెనుకాడకండి. రూల్ 8 కింద కొట్టేసిన దావా పునరుద్ధరణకు నిరాకరిస్తే ఆర్డర్ 43 కింద అప్పీలు ఉంది.

దావా తిరిగి నంబరుకెక్కాక, సీఎన్‌ఆర్ నంబరుతో (ప్రతి కేసుకూ విడిగా ఇచ్చే గుర్తింపు సంఖ్య) ఈ-కోర్ట్స్ యాప్‌లో వాయిదా తేదీని మీరే చూసుకుంటూ ఉండండి. ఈ వారంలోనే పిటిషన్లు వేయించండి.